మహాయుద్ధమును మన స్త్రీల కవిత్వమును

భారతయుద్ధము పదునెనిమిది దినములలో ముగిసినది. భారతకథ మాత్ర మక్కడ ముగియలేదు. యుద్ధపర్వముల వెంట వ్యాసమహర్షి స్త్రీపర్వమును జెప్పెను. తిక్కన సోమయాజి దానిని దెలుగు చేసెను. గాంధారి కన్నులకట్టు విప్పకయే, మునిప్రసాదమువలన గలిగిన దివ్యదృష్టితో రణభూమిని జూచి, ఒక్కొక్క కళేబరమును, దాని చెంత గూలబడి యేడ్చుచున్న యొక్కొక్క స్త్రీని శ్రీకృష్ణునకు జూపుచు బోవును. ఎవడెన్ని బాణములు వేసెనో, ఎవని రథ మెక్కడ విఱిగెనో యను లెక్క యంతయు ముందే ముగిసినది. మిగిలిన లెక్క వేఱు. దానిని జెప్పవలసినవారు స్త్రీలే యని మన పెద్ద లెఱుగుదురు.

మన చరిత్రపాఠములలో స్త్రీపర్వము లేదు. 1914 మొదలు 1918 వఱకు జరిగిన యూరపు మహాసంగ్రామమును గూర్చి పాఠశాలలో మేము పిల్లలకు జెప్పునపుడు, సంధిపత్రములు, సేనానుల పేరులు, తేదులు చెప్పి ముగింతుము. పరీక్షలో నడుగునవియు నవియే. కాని యా యుద్ధమునకు మనదేశమునుండి పోయినవారి యిండ్లలో నేమి జరిగెనో తెలియగోరువారు వేఱొక చోట వెదకవలెను. స్త్రీలు చెప్పిన కవిత్వములో వెదకవలె నని మా యభిప్రాయము. ఆ కవిత్వము రెండు తీరులది. ఒకటి యచ్చుకెక్కినది, ఇంగ్లీషున వ్రాయబడినది, మన హైదరాబాదుతో సంబంధించినది. రెండవది యక్షరము రాని పంజాబు స్త్రీలు రాట్నముల యొద్ద గూడి పాడుకొన్నది. రెండును నొకే దుఃఖమును జెప్పుచున్నవి. కాని యొకదాని మాట యొకదానితో గలియదు. ఆ కలియకపోవుటయే మమ్మీ వ్యాసమునకు బురికొల్పినది.

ముందుగా యుద్ధసంగతి కొంత చెప్పవలెను. 1914 ఆగస్టు 4వ తేదీన నింగ్లండు జర్మనీపై యుద్ధము ప్రకటించెను. ఆ ప్రకటనతోనే మనదేశమును యుద్ధములో జేరిన ట్లయ్యెను. మనల నడిగినవారు లేరు. సెప్టెంబరు నెలాఖరునకే మన సిపాయిలు ఫ్రాన్సుదేశమున మార్సేల్సు రేవులో దిగిరి. అక్టోబరులో బెల్జియము బురదనేలలో నిలిచి పోరిరి. తరువాత గల్లిపోలి, ఈజిప్టు, పాలస్తీనా, తూర్పు ఆఫ్రికా, అన్నిటికంటె నెక్కువగా మెసపొటేమియా, అనగా నేటి ఇరాకు. సముద్రము దాటిన సిపాయిలును, వారి వెంట బోయిన కంచరగాడిదలు తోలువారు, వంటవారు, డోలీ మోయువారు మున్నగు పనివారును గలిసి పదిలక్షలకు మించిరి. తిరిగి రానివారు అఱువదివేలకు పైబడి యున్నారు. యుద్ధారంభమున సిపాయి నెలజీతము 11 రూపాయలు.

యుద్ధమన్నచో నన్ని కాలములను స్త్రీలకు గన్నీరే గదా, దీనియం దేమి విశేష మని కొంద రడుగవచ్చును. విశేష మున్నది. పల్నాటి కథలో మాంచాల తన బాలచంద్రుని రణమునకు బంపునపుడు, శత్రువు నలగామరాజని యామె యెఱుగును. కారెంపూడి యెక్కడ నున్నదో యెఱుగును. ఆ కలహ మెట్లు పుట్టెనో యామెకు బుట్టింటను మెట్టినింటను గూడ జెప్పియే యుందురు. జీలమునదీతీరమున నొక పల్లెలో నున్న సిపాయి యిల్లాలికి జర్మనీ చక్రవర్తి యెవరో, అతనికిని దన పెనిమిటికిని బగ యేమో తెలియదు. బస్రాపట్టణ మే దిక్కున నున్నదో యా యూరిలో జెప్పగలవా రరుదు. పరుల కొఱకు, పరులతో, పరదేశమున జేసిన యుద్ధ మది. గాంధారి రణభూమికి నడచిపోయి చూచినది. ఈమెకు బోవుటకు దారి లేదు, చూచుటకు శవము లేదు.

ఇక హైదరాబాదు సంగతి. సరోజినీదేవి 1879లో నా నగరమున జన్మించెను. తండ్రి అఘోరనాథ చట్టోపాధ్యాయులు అచట నాంగ్లవిద్య నెలకొల్పినవారిలో ముఖ్యులు. తల్లి వరదసుందరీదేవి వంగభాషలో బాటలు వ్రాసెడిది. 1898లో మద్రాసునందు సరోజినికిని డాక్టరు ముత్యాల గోవిందరాజులు నాయుడుగారికిని జరిగిన వివాహమును నడిపించినవారు మన వీరేశలింగము పంతులుగారు. కులము వేఱు, భాష వేఱు. అట్టి పెండ్లి చేయించుటకు బంతులుగారివంటి ధైర్యశాలియే కావలసి యుండెను. ఈ తెలుగింటి కోడలు 1905లోను 1912లోను రెండు కావ్యసంపుటములు ప్రకటించి, ఇంగ్లండునందు సయితము పేరు గాంచెను. పువ్వులు, పల్లకీలు, గాజులమ్మువారు, వసంతోత్సవములు ఆమె కవితావస్తువులు. యుద్ధ మామెకు వస్తు వగునని యెవరును దలచి యుండరు.

యుద్ధము మొదలగునప్పటి కామె లండనులో నుండెను. అప్పుడే దక్షిణాఫ్రికానుండి గాంధీమహాత్ముడు నక్కడికి వచ్చెను. సిపాయిలకు బట్టలు కుట్టించు పనిని లండనులో స్త్రీల సంఘ మొకటి పైన వేసికొనగా, సరోజినీదేవి యందు జేరి పనిచేసెను. కత్తిరించి సిద్ధముగ నున్న గుడ్డల కుప్ప నొకదానిని గాంధీగారి ముందు బెట్టి, ఇవి యన్నియు గుట్టించి తిరిగి నా కీయవలె నని యామె చెప్పిన ట్లాయనయే స్వీయచరిత్రలో వ్రాసికొన్నారు. ఇది చిన్న సంగతి. కాని యామె యుద్ధమును మొట్టమొదట దాకినది సూదితోను గుడ్డతోను నని తెలిసినచో, తరువాతి పద్యము మఱికొంత స్పష్టమగును. యుద్ధమున స్త్రీలకు జనము విధించిన పని యదియే గదా: కుట్టుట, పంపుట, వేచియుండుట.

ఆ పద్యము పేరు "భారతదేశపు కానుక" యని చెప్పవచ్చును. హైదరాబాదు స్త్రీల యుద్ధసహాయసంఘము నిమిత్తము 1915 డిసెంబరులో వెలువడినది. 1917లో నామె మూడవ సంపుటమున జేరినది. అందు మాటలాడునది భరతమాత. తాను ధనధాన్యాదులు తూర్పునకును బడమటికిని బంచి యిచ్చితి ననియు, అవి చాలక తన కడుపున బుట్టిన కొడుకులను గూడ నిచ్చితి ననియు నామె చెప్పును. వారు పారసీక సముద్రపు టొడ్డున, ఈజిప్టు ఇసుకలో, ఫ్రాన్సు పచ్చికబయళ్లలో బడియున్నారని యెన్నును. తన కన్నీటిని గొలువగలవారెవ రని యడుగును. తన దుఃఖమున గర్వమును గలసి యున్నదనియు నొప్పుకొనును. తుదకు, ఈ ద్వేష మడగి శాంతి గలిగిన నాడు నా బిడ్డల నెత్తురును మఱవకు డని కోరును.

హైదరాబాదు స్త్రీలకు ఈజిప్టు ఇసుక యనునది వట్టి కవిసమయము కాదు. నిజాము ప్రభుత్వపు లాన్సరు రౌతులు 1914లోనే సూయెజు కాలువ కాపున కేగియుండిరి. ఆ పద్యమును విన్నవారిలో నా రౌతుల యిండ్ల నెఱిగినవారు లేకుండ నుండరు. నేడు ఢిల్లీలోని తీన్‌మూర్తి యను స్మారకమున నిలిచిన మూడు విగ్రహములలో నొకటి యా హైదరాబాదు రౌతులదే.

కొన్నియేండ్ల క్రిందట మేమీ పద్యమును బై తరగతి పిల్లలకు బోధించుచుండగా నొక బాలిక లేచి, "కానుక యనగా నిచ్చువారు తలచి యిచ్చునది గదా, మాష్టారూ! ఇది యడుగకుండ దీసికొన్నది గదా!" యనెను. మేము దేశమును దల్లిగా నారోపించి చెప్పుట కవుల మర్యాద యనియు, అలంకారశాస్త్రమున దాని కిది పేరనియు నేదో చెప్పి యా గంట దాటించితిమి. కాని యా ప్రశ్న మా వెంట నింటికి వచ్చినది.

ఆలోచింపగా సరోజినీదేవి పక్షమున జెప్పవలసినది కొంత కలదు. పద్య మే సభకొఱకు బుట్టినదో చూడవలెను. నిజాముగారు ధనమును సైన్యమును ధారాళముగ నిచ్చుచున్న రోజులు. వినువారు యుద్ధసహాయమునకు గూడిన స్త్రీలు. అప్పటికి మన నాయకులలో బెక్కురు, ఇప్పుడు తోడ్పడినచో నింగ్లీషువారు రేపు మనకు స్వపరిపాలన మిత్తురని నమ్మియుండిరి. గాంధీగారు సయితము 1918లో గుజరాతునందు ఖేడాజిల్లా పల్లెలలో దిరిగి సిపాయిలను జేర్పింప బ్రయత్నించిరి. అట్టి సమయమున "కానుక" యను మాట వినయముగ గనబడు పత్రము వంటిది. ఇచ్చినవాడు దానము చేసితి ననును. పుచ్చుకొన్నవాడు ఋణపడి యుండును. పద్యాంతమున "మఱవకుడు" అనుట మనవి గాదు, వ్రాలు చేయించుకొనుట. సభలోని దొరసానులు చప్పట్లు కొట్టునట్టి మాటలలోనే యామె యప్పు వ్రాసికొన్నది. ఇంత వఱకు మేమామెను మెచ్చుకొందుము.

అయినను లోపము లోపమే. ఆ పద్యములో నొక యిల్లు లేదు. ఒక వాకిలి, ఒక మంచము, తిరిగి రాని యొక మనిషి లేడు. లక్షలమంది బిడ్డలు గల మహామాత యేడ్చినచో నా యేడ్పునందు గర్వమునకు జోటుండును. ఇంకను బిడ్డ లున్నారు గదా! ఒక్క కొడుకు గల ముసలమ్మ యేడ్పున గర్వము నిలువదు. దేశమాత కన్నీరు విస్తారమగుకొలది, ఈ ముసలమ్మ కన్నీరు కనబడక పోవును. స్త్రీలను గూర్చి చెప్పునపుడు మాతృత్వమును బీఠ మెక్కించి, పీఠము క్రింద నున్న మనుష్యస్త్రీని మఱచుట మన సంస్కర్తలలో గూడ నున్న దోషమే. మే మందులకు వెలియని చెప్పుకొనము.

ఆ ముసలమ్మను, ఆమె కోడలిని జూడవలెనన్నచో బంజాబునకు బోవలెను.

యుద్ధకాలమున జేర్చుకొన్న సిపాయిలలో నించుమించు సగము, అనగా సుమారు మూడున్నర లక్షలమంది, ఆ యొక్క రాష్ట్రమువారే. మహమ్మదీయులు, సిక్కులు, హిందువులు మూడు మతములవారును నందున్నారు. మొదట జీతమును జూచి, తాతతండ్రుల వృత్తి యని చేరినవారు పలువురు. 1917 తరువాత కథ మాఱినది. జిల్లాకింత, ఊరికింత యని లెక్క కట్టి మనుష్యులను గూర్చు పని లంబర్దారులకు, జైల్దారులకు, తహసీలుదారులకు నప్పగించిరి. పిల్లవాని నిచ్చిన యింటికి మర్యాద, ఈయని యింటికి బాధలు. 1918లో షాపూరు జిల్లాలో నొక తహసీలుదారుని బ్రజలు చంపివేసిరన్నచో నా యొత్తిడి యెట్టిదో యూహింపవచ్చును. ఊరూర సేనలో జేరుటకు బ్రోత్సహించు పాటలు పాడించిరి. చినిగిన చెప్పు బోయి కొత్త బూటు వచ్చు ననువంటి మాట లందుండెను. ఇవి పురుషుల పాటలు, సర్కారు పాటలు.

స్త్రీల పాటలు వేఱు. రాట్నములు వడకుచు గూర్చున్నపుడు, పెండ్లిండ్లలో, గిద్దా యాటలో, చావు జరిగిన యింట నవి పుట్టినవి. వాని గర్త లెవరో యెవరికిని దెలియదు. దేవేంద్ర సత్యార్థివంటివారు తరువాతి కాలమున నూరూర దిరిగి పంజాబు జానపదగీతములు సేకరించిరి. లండనులో నున్న పంజాబీ కవి అమర్‌జీత్ చందన్ ఈ యుద్ధగీతములను బ్రత్యేకముగ వెదకి ప్రకటించెను. వాని నిచ్చట జూపుట మా యుద్దేశము గాదు. వాని తీరు మాత్రము చెప్పెదము.

దేశాంతరగతుడైన పతికొఱకు బరితపించు స్త్రీకి మన యలంకారికులు ప్రోషితభర్తృక యని పేరు పెట్టిరి. పంజాబున నీ పాట పాతదే. మొగలాయీల కొలువునకు బోయిన పతినిగూర్చి, కాబూలు దారి బట్టిన వానినిగూర్చి పన్నెండు నెలల వరుసను బాడు బారామాహ పాటలు తరతరములుగ నుండెను. యుద్ధము వచ్చి యా పాత మూసలో గ్రొత్త పేరు పోసెను. ఆ పేరు బస్రా. లామ్ అను మాట కా పాటలలో యుద్ధరంగమని యర్థము. బస్రా లామ్ అనగానే యక్కడి స్త్రీలకు గుండె జల్లుమనెడిది. ఎందుచేతననగా మెసపొటేమియాలో జరిగిన దట్టిది. 1915 నవంబరులో టెసిఫాను యుద్ధమున గాయపడినవారిని టైగ్రిస్ నదిమీద బడవలలో వేసి, కట్లు మార్చువాడు లేక, దినముల తరబడి బస్రాకు దెచ్చిరి. ఆ డిసెంబరున కూట్ పట్టణమున ముట్టడింపబడిన సేన, ఆకలికి లోబడి 1916 ఏప్రిల్ 29న లొంగిపోయెను. సుమారు 13 వేలమంది బందీలైరి, వారిలో హెచ్చుమంది మనవారే. ఎడారిదారిని నడిపింపబడి పలువురు చనిపోయిరి. 1917లో విచారణసంఘము వారు తమ నివేదికలో ప్రభుత్వమును దీవ్రముగ దప్పుపట్టిరి. పల్లెలోని స్త్రీకి నివేదికతో బని లేదు. ఉత్తరములు నిలిచిపోయినవి, అంతియే యామెకు దెలిసినది.

ఉత్తరము మాట వచ్చినది గనుక నొకటి చెప్పవలెను. సిపాయికి వ్రాయుట రాదు. ఆలికి జదువుట రాదు. ఆతడు తోడి సిపాయిచేత వ్రాయించును. ఫ్రాన్సునుండి వచ్చు జాబులను దెఱచి చూచుటకు బులోన్ పట్టణమున నొక యధికారిని నియమించిరి. కనుక సిపాయిలు మెఱమెఱ మాటలతో, మిరియములు మిరపకాయలు నను సంకేతములతో వ్రాసిరి. ఊరికి జేరిన పిదప నా జాబును ఉపాధ్యాయుడో మునసబో నలుగురి యెదుట జదువును. ప్రత్యుత్తరమును నిట్లే. ఇంతమంది చేతులు దాటి పోవు జాబులో నొక పడుచుది తన మగనితో నే మాట చెప్పగలదు? పొలము దుక్కి యయినది, గేదె యీనినది యని చెప్పించును. మిగిలిన దంతయు బాటకు బోవును. పాటను దెఱచి చూచువాడు లేడు.

ఆ పాటలలో దప్పు ఎవరిదన్న ప్రశ్నకు నిలుకడ లేదు. ఒకమాఱు జర్మనీరాజును దిట్టుదురు, ఒకమాఱు ఫిరంగివానిని. ఒకమాఱు తీసికొనిపోయిన రైలును, ఒకమాఱు పేరు వ్రాసికొన్న జమాదారును. కడకు బోయిన మగనినే దెప్పుదురు. ఇది యజ్ఞాన మని నవ్వువారుందురు. మాకట్లు తోచదు. యుద్ధమునకు గర్త యెవరో తెలియకుండుటయే యామె యనుభవములోని నిజము. సరోజినీదేవి చెప్పు కానుక యీ పాటలలో నెక్కడను లేదు. ఇచ్చితి నని యొక్కతెయు ననదు. పోయినాడు, తీసికొనిపోయిరి, రాలేదు: ఇవే క్రియలు.

మేఘసందేశమున యక్షునకు శాప మేడాది. భార్య గడపమీద బువ్వులు పెట్టి మిగిలిన దినములు లెక్కించుచున్నదని యాత డూహించును. గడువున్న విరహము కావ్యమునకు బనికివచ్చును. సిపాయి యాలికి గడువు లేదు. అంతకంటె గడ్డు సంగతి యొకటి కలదు. మనిషి చచ్చెనో బ్రదికెనో తెలియని దశలో నామె పుణ్యస్త్రీయా, విధవయా? బస్రా యుద్ధ మంతమై, వైధవ్యమునుండి తిరిగి సువాసినిని గావలెనని కోరు పాట లున్నవి. చావు నిశ్చయము కాకయే వైధవ్య మనుభవించినవారు గాని యట్టి మాట యనలేరు.

ఇక్కడ నొక యాచారమును గూర్చి చెప్పవలసి యున్నది. పంజాబు జాట్ కుటుంబములలో మగడు పోయిన స్త్రీకి మఱదియో బావయో దుప్పటి కప్పి భార్యగా స్వీకరించు పద్ధతి కలదు, కరేవా యందురు. విధవావివాహ మన్నచో మనవా రనాదిగా బెదరుచుండ నచ్చట నది సహజముగ జరుగుచున్నదని సంతసింపవచ్చునా? తొందరపడరాదు. దానికి ముఖ్యోద్దేశము భూమి యిల్లు దాటకుండుట. స్త్రీ యిష్టము వెనుకటి మాట. వార్త రాని సిపాయి భార్య కిది రెండంచుల కత్తి. అంగీకరించినచో మగడు చచ్చెనని తానే యొప్పుకొన్న ట్లగును. కాదన్నచో గూటికి గుడ్డకు నెవరిపై నాధారపడవలెను? పంతులుగారు విధవావివాహములు చేయించినపుడు కన్య సమ్మతిని ముం దడిగెడివారు. ఆ యడుగుటలోనే సంస్కరణ మున్నది గాని దుప్పటిలో లేదు.

తిరిగి వచ్చినవారి మాట యేమి? మన యాడువారు పాడు ఊర్మిళాదేవి నిద్ర యను పాటలో, పదునాలుగేండ్లకు వచ్చిన లక్ష్మణుని జూచి యూర్మిళ గుర్తింపలేక పరపురుషు డనుకొని మందలించును. వాల్మీకి విడిచిన యీ సంగతిని స్త్రీలు విడువలేదు. యుద్ధమునుండి వచ్చిన మగవాడు మొదట బరాయివాడే యని వారెఱుగుదురు. మన గోదావరి మండలమున దాడేపల్లిగూడెము చెంత మాధవర మను గ్రామము కలదు. రెండు మహాయుద్ధములకును సిపాయిలను బంపి "మిలిటరీ మాధవరము" అని పేరొందినది. అట్టి యూళ్లలో ఊర్మిళ పాటను విన్న స్త్రీలకు దాని యర్థము వేఱుగ దోచియుండును.

ఇక బేరుల సంగతి. సరోజినీదేవి పద్యము వెలువడిన యా 1915 డిసెంబరులోనే, 23వ తేదీన, ఫ్రాన్సున రోలండ్ లైటన్ అను నింగ్లీషు యువకుడు గాయములతో మరణించెను. ఆతనిని వరించిన వేరా బ్రిటన్ యను కన్య యాతని పేరి మొదటి యక్షరములు తలకట్టున వ్రాసి యొక పద్యము చెప్పి, 1918లో దన సంపుటమున బ్రకటించెను. ఆతని రక్తము, బురద అంటిన దుస్తులు ఇంటికి దిరిగివచ్చినవి. లూవెన్‌కూర్ శ్మశానమున బేరు చెక్కిన సమాధి యున్నది. ఆమె దుఃఖ మేమియు దక్కువ కాదు, మే మట్లనము. కాని దుఃఖింపవలసిన తావును, తాకదగిన వస్తువును, వ్రాయదగిన పేరును నామె కున్నవి.

మనవారి కేమున్నవి? ఫ్రాన్సున నూవ్ షపెల్ స్మారకమున, 1927లో, 4,700కు మించిన మనవారి పేరులు చెక్కిరి. అది కొంత నయము. బస్రాలో 1929లో గట్టిన స్మారకమున నింగ్లీషు సిపాయిలకు బేరులు చెక్కి, మన యధికారుల పేరులును చెక్కి, సామాన్యసిపాయిల విషయమున మాత్ర మా పటాలమున నింతమంది యని సంఖ్యలు వేసిరి. దళము పేరు, ప్రక్కన నంకె. ఈ యసమానతను ఆ స్మారకములను గాపాడు సంస్థవారే 2021లో విచారించి యొప్పుకొనిరి.

పంజాబు పాటలలోను మగనికి బేరు లేదు. మన యిండ్లలో వలెనే యచ్చటను భార్య భర్త పేరు చెప్పదు. సిపాయీ యనియో, ఉద్యోగీ యనియో పిలుచును. ఆ మౌనము మర్యాదవలన, ప్రేమవలన గలిగినది. ఆ పేరు పలుకరానంత దగ్గఱిది. ఱాతిమీది మౌనము వేఱు కారణమువలన గలిగినది. కాని ఫలము మా కెప్పుడును బాధ కలిగించును: ఱాయి చెప్పలేదు, ఆలు చెప్పలేదు, ఆ మనిషి పేరు రెండు చోట్లను జాఱిపోయినది.

కానుకకు బ్రతిఫల మేమి వచ్చెనో యందఱకు దెలిసినదే. 1919 మార్చిలో రౌలట్ చట్టము. ఏప్రిల్ 13న అమృతసరమున జలియన్‌వాలాబాగు. ప్రభుత్వపు లెక్క ప్రకారమే చచ్చినవారు 379. అత్యధికసంఖ్యలో సిపాయిల నిచ్చిన రాష్ట్రమునందే మార్షల్ లా పెట్టి, వీథులలో గొరడాలతో గొట్టిరి. సరోజినీదేవి తనకు ప్రభుత్వము వా రిచ్చిన కైసరీ హింద్ పతకమును దిరిగి యిచ్చివేసెను. 1920 జూన్ 3న లండనులో కింగ్స్‌వే హాలున జరిగిన సభలో నిలిచి, పంజాబు స్త్రీలకు మార్షల్ లా దినములలో జరిగిన యవమానములను, ముసుగు లాగి తిట్టుటను జెప్పెను. మంత్రి మాంటేగుగారు నిదర్శన మడుగగా, కాంగ్రెసు విచారణసంఘమువారి నివేదికలోని వాఙ్మూలములనే చూపెను. ఆ వాఙ్మూలము లిచ్చినవారు పల్లె స్త్రీలు. అయిదేండ్ల క్రిందట భరతమాత నోట బలికించిన కవయిత్రి, ఈమాఱు మాతను బిలువలేదు. ఆ స్త్రీలు చెప్పిన మాటలనే చెప్పెను. ఆమె వ్రాసిన పద్యములన్నిటికంటె నీ యుపన్యాసము మాకెక్కువ యిష్టము. దీనిని కవిత్వముతో బోల్చుట సరికాదని మిత్రు లందురు. అనుగాక!

బస్రా స్మారకమును 1997లో నాటి ఇరాకు ప్రభుత్వమువారు మొదటి చోటునుండి పెకలించి, నాసిరియా దారిలో నెడారి నడుమ నిలిపిరి. అంకెలు నేటికి నందే యున్నవి. లాహోరు వస్తుప్రదర్శనశాలలో మాత్రము, యుద్ధానంతరము పంజాబు ప్రభుత్వము ఊరివారిగ వ్రాయించిన దస్త్రములు నూఱేండ్లు మూలబడి యుండగా, వానిని వెలికి దీసి, సుమారు 3 లక్షల 20 వేలమంది వివరములను 2021 నవంబరులో నందఱు చూచుటకు వీలుగ నుంచ నారంభించిరి. ఇంగ్లండులోను గెనడాలోను స్థిరపడిన మునిమనుమలు తమ యూరి పేరు వెదకి, ముత్తాత పేరును, తండ్రి పేరును, పటాలమును గనుగొనుచున్నారు. రాట్నముల యొద్ద గూర్చుండి, పేరు పలుకకయే యాతనిని బిలిచిన యామె, అప్పటికి బోయి చాలకాలమైనది.